పోగు తెగని నేత: నలుగురు మావోరీ ఆడబిడ్డల కథ

ఆగస్టు 9 వచ్చిందంటే మన గూడేల్లో, తండాల్లో, హాస్టళ్లలో జెండాలు లేస్తాయి, డోళ్లు మోగుతాయి. 1982లో అదే రోజున ఐక్యరాజ్యసమితిలో ఆదివాసుల సమస్యలపై ఏర్పడిన కార్యవర్గం మొదటిసారి సమావేశమైంది. దాని గుర్తుగా 1994లో ఆ తేదీని ప్రపంచ ఆదివాసీ దినోత్సవంగా ప్రకటించారు. ఇలాంటి సంచికల్లో మనం కొమురం భీమ్ గురించి, సమ్మక్క సారలమ్మల గురించి, గాం మల్లుదొర గురించి రాసుకుంటాం. అవి రాసుకోవాల్సిందే, మళ్లీ మళ్లీ చదువుకోవాల్సిందే. ఈసారి మాత్రం మన యువతకు సముద్రాల అవతల ఉన్న నలుగురు అక్కల గురించి చెప్పాలనుకున్నాం. వాళ్ల చేతిలో విల్లు లేదు, తుపాకీ లేదు. దుప్పటి ఉంది, బరకం ఉంది, లారీ మీద సరుకు బిగించే బెల్టు ఉంది. వాటితోనే వాళ్లు తమ జాతి చరిత్రను ప్రపంచం ముందు నిలబెట్టారు.

ఎందుకు చెప్పాలనిపించిందో ముందు చెబుతాం. హాస్టల్ తెరిచిన కొత్తలో ఒక సంవత్సరం ఎనిమిదో తరగతి పాప ఒకతె ఇంటి నుంచి బొంత తెచ్చుకుంది. వాళ్ల అవ్వ పాత చీరలు, చిరిగిన లుంగీలు పొరలు పొరలుగా వేసి కుట్టిన బొంత. రాత్రి అందరూ పడుకున్నాక చూస్తే ఆ బొంత ట్రంకుపెట్టె అడుగున ఉంది, పాప పల్చటి దుప్పటిలో ముడుచుకుని ఉంది. ఎందుకమ్మా అని అడిగితే, "పాత గుడ్డలతో కుట్టింది మేడం, అందరూ నవ్వుతారు" అంది. మేము ఏమీ అనలేకపోయాం. ఎందుకంటే ఆ వయసులో, ఇలాంటి హాస్టల్లోనే, మేమూ అదే పని చేశాం. ఆ బొంత ఇప్పుడు లేదు. దాన్ని కుట్టిన చేతులూ లేవు. ఆ కుట్టు ఎలా వేసేవారో చెప్పగలిగినవాళ్లు మా ఇంట్లో ఎవరూ మిగల్లేదు.

ఈ వ్యాసం ఆ పాప కోసం, ఆ పాపలాంటి మీ అందరి కోసం.

చలిదేశంలో కొత్త నార

న్యూజిలాండ్ పేరు మీకు క్రికెట్ వల్ల తెలుసు. ఆ దీవుల మూలవాసులు మావోరీలు. వాళ్లు తమ దేశాన్ని ఆవోతెయారోవా అంటారు. సుమారు ఏడు వందల ఏళ్ల కిందట తూర్పు పాలినీషియా దీవుల నుంచి పెద్ద పెద్ద పడవల్లో వాళ్ల పూర్వీకులు అక్కడికి చేరారు. వెచ్చటి దీవుల్లో చెట్టు బెరడును కొట్టి బట్ట చేసుకోవడం వాళ్లకు తెలుసు. ఆ చెట్టునూ వెంట తెచ్చుకున్నారు. కానీ కొత్త దేశం చలిదేశం. అక్కడ ఆ చెట్టు సరిగా పెరగలేదు, ఆ బట్ట చలికి ఆగలేదు.

అప్పుడు ఆడవాళ్లు చుట్టూ చూశారు. చిత్తడి నేలల్లో కత్తుల్లాంటి పొడవాటి ఆకులతో గుబురుగా పెరిగే మొక్క కనబడింది. దాని పేరు హరకెకె. ఆ ఆకును ఆల్చిప్పతో గీరితే లోపలి నుంచి పట్టులాంటి నార వస్తుంది. ఆ నారను తొడ మీద పేని దారం చేశారు. మగ్గం లేదు. రెండు పుల్లలు నేలలో పాతి, వాటి మధ్య ఒక తాడు కట్టి, దానికి పడుగు పోగులు వేలాడదీసి, వేళ్లతోనే పేకను మెలివేస్తూ శాలువాలు అల్లారు. ఈ పనిని ఫాతు అంటారు. చీల్చిన ఆకులతోనే చాపలు, బుట్టలు కూడా అల్లారు.

ఇక్కడ ఒక సంగతి గమనించండి. మావోరీ నేత అని ఈరోజు మనం గొప్పగా చెప్పుకునేది, మొదట్లో కొత్త వస్తువుతో చేసిన కొత్త పనే. పాత వస్తువు దొరకనప్పుడు చేతిలో ఉన్న విద్యను కొత్త వస్తువు మీద పెట్టారు. దీన్ని గుర్తుంచుకోండి, తర్వాత పనికొస్తుంది.

హరకెకెను కోయడానికి ఒక కట్టుబాటు ఉంది. గుబురు నడిమధ్య ఉండే లేత ఆకు బిడ్డ. దానికి రెండు పక్కలా ఉన్న ఆకులు తల్లిదండ్రులు. ఈ మూడింటినీ కోయకూడదు. బయటి వరుసల్లో ఉన్న తాతలు, అవ్వలైన ఆకులనే కోయాలి. బిడ్డను తీస్తే మొక్క చస్తుంది. విత్తనానికి కొన్ని పళ్లు చెట్టుకే వదలాలని, తీగ తవ్వితే గడ్డ తల వెనక్కి పాతాలని మన పెద్దలు చెప్పే మాటకూ దీనికీ తేడా ఏముంది?

నేత నేర్చుకునే చోటును, నేర్చుకునేటప్పుడు మనసు ఉండాల్సిన స్థితిని కూడా వాళ్లు ఫరే పోరా అన్నారు. అంటే నేత ఇల్లు. నేతకూ కాన్పుకూ ఒకే తల్లి దేవత, ఆమె పేరు హినెతెయివైవా. బట్టను నేయడం, బిడ్డను కనడం రెండూ లేనిదాన్ని ఉన్నదిగా చేసే పనులే కదా. వాళ్ల భాషలో ఫెనువా అంటే భూమి. బిడ్డ పుట్టాక వచ్చే మాయను కూడా ఫెనువా అనే అంటారు.

నారకు తుపాకీ, నేలకు దుప్పటి

1769లో కెప్టెన్ జేమ్స్ కుక్ ఓడ ఆ తీరానికి వచ్చింది. ఆ వెనక వ్యాపారులు, తిమింగలాల వేటగాళ్లు, మిషనరీలు వచ్చారు. ఓడలకు గట్టి తాళ్లు కావాలి. హరకెకె నార అందుకు బాగా పనికొచ్చింది. టన్నుల కొద్దీ నార గీరి ఇచ్చి మావోరీ తెగలు తుపాకులు కొనుక్కున్నాయి. పక్క తెగ దగ్గర తుపాకీ ఉంటే మన దగ్గరా ఉండాలి. అందుకోసం జనం ఎత్తయిన ఊళ్లు వదిలి చిత్తడి నేలల్లో మకాం వేసి రాత్రింబవళ్లు నార తీశారు, జబ్బుపడ్డారు. శాలువా అల్లాల్సిన నార తుపాకీ ధరగా మారింది. తెగల మధ్య యుద్ధాల్లో వేల మంది పోయారు.

1839లో ఇప్పటి వెల్లింగ్టన్ ప్రాంతపు నేలను ఒక ఇంగ్లీషు కంపెనీ కొన్నామని చెప్పుకుంది. ధరగా ఇచ్చిన సామానులో ఎర్ర దుప్పట్లు, తుపాకులు, గొడుగులు ఉన్నాయి. 1840 ఫిబ్రవరి 6న వైతాంగి అనే చోట బ్రిటిష్ రాణి ప్రతినిధికీ మావోరీ పెద్దలకూ ఒప్పందం జరిగింది. సంతకం పెట్టిన పెద్దలకు తలా రెండు దుప్పట్లు, కొంత పొగాకు ఇచ్చారు. ఒప్పందం ఇంగ్లీషులో ఒక రకంగా, మావోరీలో మరో రకంగా ఉంది. ఇంగ్లీషు ప్రతిలో సార్వభౌమాధికారం మొత్తం రాణికి ఇచ్చినట్టు ఉంది. మావోరీ ప్రతిలో తమ నేలల మీద, ఊళ్ల మీద, విలువైన వాటన్నిటి మీద పెద్దరికం తమదే అని ఉంది. ఆ తేడా మీద గొడవ ఈనాటికీ తీరలేదు.

కాగితం మీద రాసింది ఒకటి, మనకు చదివి చెప్పింది ఒకటి. ఈ మాట మన పెద్దలకు కొత్త కాదు.

1863లో తిరుగుబాటు చేశారనే పేరుతో మావోరీ భూములు జప్తు చేసే చట్టం వచ్చింది. 1865లో ఉమ్మడి భూమిని వ్యక్తుల పేర రాసే కోర్టు వచ్చింది. పేరున రాశాక అమ్మించడం తేలికైంది. జబ్బులు, యుద్ధాలు, భూమి పోవడం, అన్నీ కలిసి 1896 నాటికి మావోరీల సంఖ్య సుమారు 42,000కు పడిపోయింది. వాళ్ల కథ ముగిసిపోతుందని తెల్లవాళ్లు రాసుకున్నారు కూడా.

1867 నుంచి మావోరీ పిల్లల కోసం ప్రభుత్వ బడులు పెట్టారు. చదువు ఇంగ్లీషులో. బళ్లో సొంత భాష మాట్లాడినందుకు దెబ్బలు తిన్న పిల్లలు ఎందరో. వాళ్లు పెద్దయ్యాక తమ పిల్లలకు ఆ దెబ్బలు తగలకూడదని ఇంట్లో కూడా ఇంగ్లీషే మాట్లాడారు. 1907లో వచ్చిన మరో చట్టం సంప్రదాయ వైద్యం చేసేవాళ్లను, భవిష్యత్తు చెప్పే పెద్దలను నేరస్థులుగా చూసింది. అది 1962 దాకా అమల్లో ఉంది. తమ విద్య తమకే తక్కువగా కనబడేలా చేయడం, భూమి లాక్కోవడం కన్నా చిన్న దెబ్బ కాదు.

పోగు పట్టుకున్న చేతులు

అయినా నేత చావలేదు. ఎందుకు చావలేదో తెలుసుకోవాలంటే ఒక అవ్వ పేరు తెలుసుకోవాలి: రంగిమారియే హెటెట్. 1892లో పుట్టారు, 1995లో పోయారు, నిండు నూరేళ్లు దాటి బతికారు. కుమార్తె డిగ్గరెస్ టె కనావా కూడా గొప్ప నేతగత్తె.

నేత విద్యను కుటుంబం లోపల, తెగ లోపలే ఇవ్వాలన్నది పాత కట్టుబాటు. 1951లో మావోరీ మహిళల సంక్షేమ సంఘం ఏర్పడింది. ఆ సంఘం ద్వారా ఈ తల్లీకూతుళ్లు వేరే తెగల ఆడవాళ్లకు కూడా నేర్పడం మొదలుపెట్టారు. కట్టుబాటు తప్పుతున్నారన్న మాట పడాల్సి వస్తుందని వాళ్లకు తెలుసు. కానీ తలుపు మూసుకుని కూర్చుంటే ఇంట్లోనే విద్య చచ్చిపోతుందని కూడా తెలుసు. కట్టుబాటును కాదనడం వేరు, ఆ కట్టుబాటు దేనికోసం పుట్టిందో దాన్ని కాపాడడం వేరు. వాళ్లు రెండోది చేశారు.

1970ల నుంచి మావోరీ యువత లేచింది. 1972లో తమ భాష కోసం పార్లమెంటుకు వేల సంతకాలతో విన్నపం ఇచ్చారు. 1975లో దాదాపు ఎనభై ఏళ్ల వృద్ధురాలు ఫీనా కూపర్ ముందు నడవగా, భూమి కోసం ఉత్తర దీవి పొడవునా పార్లమెంటు దాకా పాదయాత్ర చేశారు. 1982లో అవ్వలు పసిపిల్లలకు మావోరీలోనే మాట్లాడే భాషాగూళ్లు మొదలయ్యాయి. 1987లో మావోరీ అధికార భాష అయింది.

ఈ మేల్కొలుపులోనూ ఆడవాళ్ల నేతకు వెంటనే చోటు దక్కలేదు. 1984లో న్యూయార్క్‌లోని మెట్రోపాలిటన్ మ్యూజియంలో 'టె మావోరీ' అనే పెద్ద ప్రదర్శన జరిగింది. ప్రపంచమంతా మావోరీ కళను మెచ్చుకుంది. అక్కడ పెట్టినవి ప్రధానంగా చెక్క, రాయి, ఎముక మీద చెక్కిన పనులు. చెక్కడం మగవాళ్ల పని. ఆడవాళ్లు అల్లిన శాలువాలకు, చాపలకు ఆ ప్రదర్శనలో చోటు లేకపోయింది. నేత ఇంటిపని, చెక్కడం కళ అన్నమాట. ఇది ఒక్క మావోరీల సంగతే కాదు. మన ఊళ్లో అవ్వ కుట్టిన బొంతను ఎవరైనా కళ అన్నారా?

నలుగురు కలిసి ఒక చేయి

ఇప్పుడు మన కథలోని నలుగురి దగ్గరకు వద్దాం. ఎరెనా బేకర్, సారా హడ్సన్, బ్రిడ్జెట్ రెవెటి, టెరి టె టావు. నలుగురూ మావోరీలే, వేర్వేరు తెగల ఆడబిడ్డలు. 2012లో కలిసి ఒక బృందంగా ఏర్పడ్డారు. దాని పేరు మాతా అహో. ఇందులో 'మాతా' మన మాట కాదు. 'అహో' అంటే పేక పోగు. నలుగురూ కలిసి ఆలోచిస్తారు, నలుగురూ కలిసి చేస్తారు. తయారైన పనికి ఒక్కరి పేరు పెట్టుకోరు. ఇది ఎవరు కుట్టారు, ఈ ఆలోచన ఎవరిది అని వేరు చేయరు.

వాళ్లు చేసేవి గోడకు తగిలించే చిన్న బొమ్మలు కావు. గది మొత్తాన్ని ఆక్రమించే పనులు. వీటిని ఇన్‌స్టలేషన్లు అంటారు. చూసేవాళ్లు దాని ముందు నిలబడతారు, కొన్నిసార్లు దాని కిందే నడుస్తారు. వాడే వస్తువులు మాత్రం హార్డ్‌వేర్ కొట్టులో, సంతలో దొరికేవే.

2012లో మొదటి పనికి 'టె ఫరే పోరా' అని పేరు పెట్టారు. పైన చెప్పామే నేత ఇల్లు, అదే. దానికి వాడింది మెత్తటి నల్ల మింక్ దుప్పట్లు. బొచ్చుతోలులా కనిపించే మిల్లు దుప్పట్లు, మావోరీ ఇళ్లలో మామూలుగా ఉండేవి. ఒకప్పుడు దుప్పటి చూపించి సంతకం పెట్టించుకున్న దేశంలో, మనవరాళ్లు అదే దుప్పటితో నేత ఇల్లు కట్టారు. ఈ మాట వాళ్లన్నది కాదు, చరిత్ర చదివినప్పుడు మాకు తోచింది.

2014లో 'కావోకావో' చేశారు. ఇది రోడ్డు పనివాళ్ల జాకెట్ల మీద మెరిసే పట్టీతో చేసిన పని. మనవాళ్లు రేడియం పట్టీ అంటారు. కావోకావో అనేది మావోరీ సభామందిరాల గోడల మీద అల్లే పాత నమూనా, మెలికలు మెలికలుగా వంచిన చేతుల్లా ఉంటుంది. రెండో ప్రపంచ యుద్ధం తర్వాత మావోరీ కుటుంబాలు పల్లెలు వదిలి పట్నాలకు వలస పోయాయి. ఫ్యాక్టరీల్లో, ఓడరేవుల్లో, రోడ్డు పనుల్లో చేరాయి. మెరిసే జాకెట్ అక్కడ కూలివాడి గుర్తు. ఆ గుర్తుతోనే పూర్వీకుల బలాన్ని చెప్పే నమూనా వేశారు. హైదరాబాద్‌లో, విశాఖలో భవనాల పనుల్లో అదే జాకెట్ వేసుకుని నిలబడిన మన అన్నదమ్ములు మీకు గుర్తుకు రావడం లేదా?

2017లో జర్మనీలోని కాసెల్ నగరంలో డాక్యుమెంటా అనే పెద్ద కళా ప్రదర్శనకు 'కికో మొఆనా' చేశారు. నీలిరంగు టార్పాలిన్‌ను పొరలు పొరలుగా కోసి, మడిచి, కుట్టి, సుమారు 11 మీటర్ల సముద్రంగా పరిచారు. మొఆనా అంటే సముద్రం. నీటిలో ఉండే కాపరి శక్తుల గురించి తమ జనం చెప్పుకునే కథలను కూడా దానికోసం సేకరించారు. ఇల్లు కారితే కప్పుకునే బరకం, వరద వస్తే గుడారమయ్యే బరకం, అక్కడ పూర్వీకులు దాటివచ్చిన సముద్రమైంది. 2018లో లండన్‌లోని రాయల్ అకాడమీ పసిఫిక్ దీవుల కళ మీద 'ఓషియానియా' ప్రదర్శన పెట్టింది. కుక్ తన మొదటి యాత్రకు ఇంగ్లండ్ నుంచి బయలుదేరి అప్పటికి 250 ఏళ్లు. ఆ ప్రదర్శనలో లోపలికి అడుగుపెట్టినవాళ్లకు ఎదురుగా నిలిచింది ఈ బరకపు సముద్రమే.

2019లో కెనడా జాతీయ కళాశాలలో ప్రపంచ ఆదివాసీ కళాకారుల ప్రదర్శనకు 'అకా' చేశారు. ఓడలను కట్టే తాళ్లతో సుమారు 14 మీటర్ల ఎత్తున నిలిపిన పని. అకా అంటే తీగ. తవాకి అనే పూర్వీకుడు తీగ పట్టుకుని పైలోకాలకు ఎక్కి జ్ఞానం తెచ్చాడని వాళ్ల కథ. ఒకప్పుడు వాళ్ల నార ఓడతాడుగా పోయింది. ఇప్పుడు ఓడతాడే వాళ్ల తీగగా తిరిగి వచ్చింది.

ఇంతవరకు చదివి, కొత్త వస్తువు వాడితే చాలు, పాతది నేర్చుకోనక్కర్లేదు అనుకోకండి. ఆ తర్వాతి పని 'అతపో'. దాన్ని మోరీన్ లాండర్ అనే పెద్దావిడతో కలిసి చేశారు. ఆమె 1942లో పుట్టిన మావోరీ కళాకారిణి. 1984లో నేత నేర్చుకున్నది ఎవరి దగ్గరో తెలుసా? డిగ్గరెస్ టె కనావా దగ్గర. అంటే రంగిమారియే అవ్వ నుంచి కూతురికి, కూతురి నుంచి లాండర్‌కు, లాండర్ పక్కన కూర్చున్న ఈ నలుగురికి పోగు అందింది. దోమతెరలాంటి నల్లటి జాలీగుడ్డతో చేసిన ఆ పనికి 2021లో ఆ దేశపు పెద్ద కళా పురస్కారం వాల్టర్స్ ప్రైజ్ వచ్చింది. పురస్కారం ఐదుగురికీ కలిపి ఇచ్చారు.

వెనిస్‌లో పరిచిన చాప

ఇటలీలోని వెనిస్ నగరంలో 1895 నుంచి బియెన్నాలే అనే అంతర్జాతీయ కళా ప్రదర్శన జరుగుతోంది. సినిమాలకు ఆస్కార్ ఎలాగో, కళాకారులకు అక్కడి బంగారు సింహం అలాగ. 2024లో జరిగింది అరవయ్యో ప్రదర్శన. బ్రెజిల్‌కు చెందిన అద్రియానో పెద్రోసా దానికి నిర్వాహకుడు. ఎక్కడ చూసినా పరదేశులే అన్న అర్థం వచ్చే పేరు పెట్టి, సొంత నేల మీదే పరాయివాళ్లుగా చూడబడిన ఆదివాసీ కళాకారులను ఎందరినో పిలిచాడు.

అక్కడ మాతా అహో పెట్టింది 'తకపావు'. 2022లో తమ దేశపు జాతీయ మ్యూజియం టె పాపా కోసం చేసిన పని అది. తకపావు అంటే ముఖ్యమైన కార్యాలకు, ముఖ్యంగా కాన్పు వేళ పరిచే సన్నటి అల్లిక చాప. చీకటి కడుపులోంచి వెలుగులోకి వచ్చే బిడ్డ మొదట తాకేది ఆ చాపను. ఈ నలుగురూ దాన్ని లారీ మీద సరుకు కదలకుండా బిగించే మెరుపు బెల్టులతో, స్టీలు బకిళ్లతో అల్లారు. నేల మీద పరచలేదు, తలల మీద కట్టారు. కిందకు వెళ్లి నిలబడితే బెల్టుల మీద వెలుగు మెరుస్తుంది, నీడలు గోడల మీద, నేల మీద చాపగళ్లలా పడతాయి. చూసేవాళ్లు ఎంత పెద్దవాళ్లయినా కాసేపు పుట్టబోయే బిడ్డలవుతారు.

దాన్ని కట్టిన భవనానికీ ఒక చరిత్ర ఉంది. కొన్ని వందల ఏళ్ల కిందట వెనిస్ నౌకాదళానికి ఓడతాళ్లు పేనిన పొడవాటి శాల అది. తాడు పేనే ఇంట్లో నేత బిడ్డలు తమ చాప కట్టారు.

2024 ఏప్రిల్‌లో ఆ ప్రదర్శనలో ఉత్తమ కళాకారులకిచ్చే బంగారు సింహం మాతా అహోకు వచ్చింది. అదే ఏడు ఉత్తమ దేశ మంటపానికి ఇచ్చే బంగారు సింహం ఆస్ట్రేలియా ఆదివాసీ కళాకారుడు ఆర్చీ మూర్‌కు వచ్చింది. ఆయన గది నిండా నల్లగోడల మీద సుద్దముక్కతో తన వంశవృక్షాన్ని రాశాడు. రెండు పెద్ద పురస్కారాలూ ఆదివాసీ బిడ్డలవే. నలభై ఏళ్ల కిందట న్యూయార్క్‌లో చోటు దొరకని ఆడవాళ్ల నేత, వెనిస్‌లో పైకప్పంతా తనదిగా నిలబడింది.

మన పోగు మాటేమిటి?

ఇందులో మనం నేర్చుకోవాల్సింది ఏమిటి? సంప్రదాయం వస్తువులో లేదు, చేతిలో ఉంది. వస్తువు మారినా చేయి తెలిసినదైతే సంప్రదాయం బతుకుతుంది. చేయి మరిచిపోతే పాత వస్తువు మ్యూజియం అద్దాల వెనక ఉన్నా బతకదు.

మన దగ్గరా ఇది కొత్త కాదు. లంబాడా ఆడవాళ్ల పేటియా, కాంచళీ చూడండి. దాని మీది గవ్వలు ఎక్కడో సముద్రపు దీవుల నుంచి వ్యాపారంలో వచ్చినవి. అద్దం ముక్కలు, నాణేలు బజారు నుంచి వచ్చినవి. ఎద్దుల మీద ఉప్పు, ధాన్యం మోస్తూ దేశమంతా తిరిగిన జాతి దారిలో దొరికినదాన్నల్లా కుట్టుకుంది. ఒకనాటి బజారు సరుకు ఈనాటి సంప్రదాయం. అవ్వ బొంత కూడా అంతే. అరిగిపోయిన చీరకు రెండో జన్మ ఇచ్చే విద్య అది.

అయితే ఒక ప్రశ్న మీలో కొందరు అడగాలి, అడిగితే మాకు సంతోషం. "ప్లాస్టిక్ బెల్టు అల్లితే వెదురు ఎవరు అల్లుతారు మేడం? హరకెకె మాటేమిటి?" అని. సరైన ప్రశ్నే. ప్లాస్టిక్ వైరుతో అల్లిన బుట్ట వచ్చాక వెదురు బుట్ట అల్లే ఇళ్లు తగ్గిపోవడం మన కళ్ల ముందే జరుగుతోంది. తెలియక వదిలేయడం వేరు, తెలిసి మార్చడం వేరు. ఆ నలుగురూ పాత అల్లిక పేరును, అర్థాన్ని, నియమాన్ని అడిగి తెలుసుకున్నాకే బెల్టు పట్టుకున్నారు. హరకెకె నేతగత్తెలు ఆ దేశంలో ఇప్పటికీ ఉన్నారు కాబట్టే వీళ్లకు అడగడానికి ఒక మనిషి దొరికింది. మనకు దొరుకుతుందా? ఇంకో పదేళ్లకు దొరుకుతుందా?

ఇంకో మాట. మన నమూనాలు ఎవరెవరో చొక్కాల మీద, గోడల మీద, డబ్బాల మీద అచ్చేసి అమ్ముకుంటున్నారు. 2007 సెప్టెంబరు 13న ఐక్యరాజ్యసమితి ఆదివాసుల హక్కుల ప్రకటనను ఆమోదించింది. తమ సాంస్కృతిక సంపద, విద్యలు, నమూనాల మీద ఆదివాసులకు హక్కుందని అందులో ఉంది. ఆరోజు 144 దేశాలు అనుకూలంగా ఓటేశాయి, మన దేశం కూడా వేసింది. వ్యతిరేకించిన నాలుగు దేశాల్లో న్యూజిలాండ్ ఒకటి. జనం అడగగా అడగగా 2010లో మద్దతు తెలిపింది. హక్కు కాగితం మీద ఉంది. కానీ ఇది మాది అని చెప్పాలంటే, ముందు అదేమిటో మనకు తెలియాలి. ఆ కుట్టు పేరేమిటి, ఆ గీత అర్థమేమిటి, దాన్ని ఎప్పుడు వేయాలి, ఎప్పుడు వేయకూడదు? తెలియనిదాన్ని మాది అని ఎలా అంటాం?

అందుకే మీకు ఒక చిన్న పని చెబుతున్నాం. ఈ సెలవులకు ఇంటికి వెళ్లినప్పుడు అవ్వ పక్కన కూర్చోండి. ఫోన్ మీ చేతిలో ఉండనే ఉంటుంది. ఆమె చేతులను వీడియో తీయండి, ముఖం కన్నా చేతులు ముఖ్యం. ఏ కుట్టును మన భాషలో ఏమంటారో ఆమె నోటితో చెప్పించుకోండి. తీసే ముందు అడగండి, ఇది బయటివాళ్లకు చూపించొచ్చా అని కూడా అడగండి. కొన్ని చూపించకూడనివి ఉంటాయి, అదీ విద్యలో భాగమే. చివరగా సూది మీరు పట్టుకుని నాలుగు కుట్లు వేయండి. వంకరగా వస్తాయి. ఫరవాలేదు.

బొంత దాచిన ఆ పాప సంగతి చెప్పి ముగిస్తాం. ఆ డిసెంబరులో చలి ముదిరింది. ఒక రాత్రి తనంతట తానే పెట్టె తెరిచి బొంత తీసి కప్పుకుంది. పక్క మంచం పాప కూడా అందులోకి దూరింది. వేసవి సెలవుల తర్వాత వచ్చి, "అవ్వకు కళ్లు ఆనడం లేదు మేడం, సూదిలో దారం నేనే ఎక్కించాను" అని చెప్పింది. కుట్టు నేర్చుకున్నావా అని అడిగాం. "సగం" అంది.

ఆ మిగతా సగం ఇంకా అవ్వ చేతుల్లోనే ఉంది. మన ఇళ్లలో కూడా అంతే. తొందరగా వెళ్లి కూర్చోండి.